క్రయపత్రములు - ముందస్తు జామీను



తుంగభద్రాతీరమున మంచాల యను గ్రామము కలదు. దేశమంతయు మంత్రాలయమని యెరిగినది అదియే. ఆదవాని పాలకుడు సిద్దీ మసూదుఖాను దీనిని శ్రీ రాఘవేంద్రస్వామివారికి ఈనాముగా నొసగెనని సంప్రదాయము. 1800లో నైజాము దత్తమండలములను కుంపిణీవారికి వదలగా, కలెక్టరుగా వచ్చిన థామస్ మన్రో ఆ ఈనామును విచారింప వచ్చెననియు, బృందావనమునుండి స్వామివారే యాతనితో మాటలాడిరనియు స్థలకథ. నమ్ముట మీ యిష్టము. భూమి యెవరిదను ప్రశ్నకు ముందు విచారణ, తరువాతనే ఉత్తరువు అనెడి మర్యాద మాత్రము నాకు ఆ కథలో గోచరించుచున్నది.

మన్రో 1807 వరకు ఇచ్చట నుండి పొలములు కొలిపించి, రైతు పేరనే శిస్తు నిర్ణయించెను. ఆ కాలమున అమ్మకమునకు కరణము వ్రాతయు, ఊరిపెద్దల సాక్ష్యమును బలము. 1882 నాటి ఆస్తి బదలాయింపు చట్టముతో, నూరు రూపాయలు మొదలుకొని విలువగల భూమి అమ్మకమునకు రిజిష్టరైన పత్రమే ప్రమాణమయ్యెను. బయానా పుచ్చుకొని వ్రాసిన కరారుచీటి స్వామ్యము నీయదు. 1984లో కరణీకములును రద్దయ్యెను. (ఆదవాని తాలూకా 1953 అక్టోబరు 1 వరకు బళ్ళారి జిల్లాలోనిది. పాత దస్తావేజుపై బళ్ళారి పేరు చూచి కూటపత్రమని తొందరపడకుడు.)

చిక్కంతయు కరారునకును క్రయపత్రమునకును నడుమనే పుట్టును. ధర పెరుగును, అమ్మినవాడు వెనుదీయును, లేదా కొన్నవాడు బాకీ సొమ్ము ఈయడు. దీనికి మందు సివిలు దావా. కాని దావా ఏండ్లు పట్టును, ఠాణా దగ్గర. అందుచే మోసము, నమ్మకద్రోహము, కూటపత్రమని ఫిర్యాదు పడును. పత్తి తీయు దినములలో రైతును వారము దినములు చెరలో నుంచినచో పంట చేనిలోనే రాలిపోవును, ఇంట కుదిరిన సంబంధము తప్పిపోవును. అప్పుడాతడు ఏ కాగితముపైనైనను వ్రేలిముద్ర వేయును. నేరము రుజువగుటతో ఎవరికిని పనిలేదు. భయమే పని సాధించును.

1898 నాటి క్రిమినలు ప్రొసీజరు కోడులో నిర్బంధమునకు ముందే జామీను అను మాట లేదు. పలుకుబడిగలవారు ప్రత్యర్థులను అవమానించుటకై తప్పుడు కేసులలో నిరికించుచున్నారని 1969లో న్యాయసంఘము తన నలువదియొకటవ నివేదికలో వ్రాసి, ఈ యుపాయమును సూచించెను. అది 1973 కోడులో 438వ సెక్షనై, 1974 ఏప్రిలు 1న అమలునకు వచ్చెను. ఉత్తరప్రదేశములో దీనిని 1976లో, అత్యయికస్థితి నడుమ, తొలగించిరి; మరల వచ్చుటకు నాలుగు దశాబ్దములు దాటెను. 2024 జూలై 1 నుండి నాగరిక సురక్షా సంహితలో ఇది 482వ సెక్షను.

దీనిని ఈయగలవి సెషన్సు కోర్టును, హైకోర్టును. క్రింది మేజిస్ట్రేటు ఈయజాలడు. ఫిర్యాదు నమోదు కాకున్నను అడుగవచ్చునని, కాని భయమునకు తగిన కారణము చూపవలెనని 1980లో గురుబక్ష్ సింగ్ సిబ్బియా కేసున సుప్రీముకోర్టు చెప్పెను. విచారణ ముగియువరకు నిలువవచ్చునని 2020లో సుశీలా అగర్వాల్ కేసున తేలెను. ఏడేండ్లకు మించని శిక్షగల నేరములలో ఊరక పట్టుకొనరాదు, ముందు నోటీసీయవలెనని 2014లో అర్నేష్ కుమార్ తీర్పు. మోసపు నేరము ఆ కోవలోనిదే.

మన వ్యాజ్యములకు మిక్కిలి పనికివచ్చునది 2009 నాటి మహమ్మద్ ఇబ్రహీం తీర్పు. తనది కాని భూమిని తనదేయని తన పేరనే అమ్మినవాడు కూటపత్రము సృష్టించినవాడు కాడు. ఇతరుని పేర సంతకము చేసిననే అది కూటపత్రము. మోసపోయిన కొనుగోలుదారు మోసమని ఫిర్యాదు చేయవచ్చును.

అట్లని ఈ జామీను దొంగకు గొడుగు కాదు. ఒకే పొలమును ఇద్దరికమ్మినవాడును, చచ్చినవాని వ్రేలిముద్ర వేయించినవాడును వచ్చి అడిగినప్పుడు కోర్టు నిరాకరింపవచ్చును, నిరాకరింపవలెననియే నా యభిప్రాయము. షెడ్యూల్డు కులముల, తెగలవారిపై అత్యాచారముల నిరోధక చట్టము క్రింద ప్రథమదృష్టిని నేరము కనబడినచో ఇది అసలే లేదు. ఇచ్చినను షరతులుండును: పిలిచినప్పుడు వచ్చుట, సాక్షులను బెదరింపకుండుట.

ఇంకొక సంగతి. జామీను దొరికినను దొరకకున్నను, భూమి యెవరిదో అందు తేలదు. కరారు అమలు దావాకు గడువు, కరారులో వ్రాసిన తేదీనుండి మూడేండ్లు. తేదీ లేనిచో, నిరాకరణ తెలిసిననాటినుండి. క్రిమినలు కేసు నడచుచున్నదని ఆ గడువు ఆగదు. ఠాణాచుట్టు తిరుగుచు మూడేండ్లు గడిపినవాడు కోర్టుకు పోయినప్పుడు మొట్టమొదట అడుగబడు ప్రశ్న ఆ తేదీ గురించియే.