గ్రామీణ భూవివాదాల్లో వాదన వినిపించే హక్కు

భూమిపై ఒకరికున్న హక్కును మార్చే, తగ్గించే లేదా తొలగించే ఉత్తర్వు ఇచ్చే ముందు ఆ వ్యక్తికి తన మాట చెప్పుకునే అవకాశం ఇవ్వాలన్న న్యాయ నియమం ఇది. దీనికి మూలమైన సహజ న్యాయ సూత్రాలు ముఖ్యంగా రెండు. తన తగాదాకు తానే తీర్పరి కాకూడదన్నది ఒకటి, ఎదుటి పక్షం మాట వినకుండా నిర్ణయించకూడదన్నది రెండోది. ఈ హక్కులో నోటీసు అందడం, ఎదుటివారు చూపిన కాగితాలు పరిశీలించడం, సాక్ష్యం ఇవ్వడం, కారణాలతో కూడిన ఉత్తర్వు పొందడం, దానిపై అప్పీలు చేసుకోవడం కలిసి ఉంటాయి. పల్లెల్లో చాలా భూవివాదాలు కోర్టులో కాక తహసీల్దారు కార్యాలయంలో మొదలవుతాయి. అందువల్ల ఈ హక్కు చరిత్ర చాలావరకు రెవెన్యూ పాలన చరిత్రే.

వలస పాలనా కాలం

మద్రాసు ప్రెసిడెన్సీలో శిస్తు వసూలు చేసే అధికారికీ తగవు తీర్చే న్యాయాధికారికీ మధ్య గీత ఎక్కడ గీయాలన్నది తొలినుంచీ వివాదమే. 1802 నిబంధనలు న్యాయాధికారాన్ని కలెక్టర్ల నుంచి వేరుచేశాయి. థామస్ మన్రో సిఫార్సులతో వచ్చిన 1816 నిబంధనలు కలెక్టర్లకు మేజిస్ట్రేటు అధికారాలిచ్చి, చిన్న దావాలను గ్రామ మున్సిఫులకు అప్పగించాయి. ఒకే చేతిలో ఇన్ని అధికారాలు చేరితే రైతు ఎవరికి మొరపెట్టుకోవాలన్న ప్రశ్న అలాగే మిగిలింది. శిస్తు వసూళ్లలో రైతులను హింసించిన తీరును 1855 నాటి మద్రాసు హింసా విచారణ కమిషన్ నివేదిక నమోదు చేసింది.

1894 భూసేకరణ చట్టం మొదట పరిహారం మొత్తంపైనే అభ్యంతరాలకు చోటిచ్చింది. సేకరణనే ప్రశ్నించే అవకాశం 1923 సవరణతో చేరిన 5-ఎ సెక్షన్ ద్వారా వచ్చింది. దాని ప్రకారం భూయజమాని 30 రోజుల్లో అభ్యంతరం తెలిపితే కలెక్టరు అతని వాదన వినాలి. అయితే 17వ సెక్షన్‌లోని అత్యవసర నిబంధన ఈ విచారణను పక్కనపెట్టే వీలిచ్చింది. 1923లోనే వచ్చిన మద్రాసు సర్వే, సరిహద్దుల చట్టం హద్దుల తగాదాలో నోటీసు, విచారణ, అప్పీలు తప్పనిసరి చేసి, సర్వే ముగిశాక మూడేళ్లలోపు సివిల్ దావా వేసే హక్కునిచ్చింది. ఆంధ్రప్రదేశ్‌లో 2020 డిసెంబరులో మొదలైన రీసర్వేకు ఆధారం ఈ చట్టమే.

స్వాతంత్ర్యానంతర సంస్కరణలు

1948 మద్రాసు ఎస్టేట్ల రద్దు చట్టం జమీందారీ గ్రామాల్లో పట్టాల నిర్ణయాన్ని సెటిల్మెంటు అధికారుల విచారణకు అప్పగించింది. తెలంగాణలో 1950 నాటి హైదరాబాద్ కౌలుదారీ చట్టం, తహసీల్దారు ఉత్తర్వు లేకుండా భూస్వామి కౌలుదారు నుంచి భూమి స్వాధీనం చేసుకోరాదని చెప్పింది. బలవంతపు బేదఖళ్లు సాగిన ప్రాంతంలో కౌలుదారు మాటకు చట్టపరమైన విలువ కల్పించిన ఏర్పాటు ఇది.

సుప్రీంకోర్టు 1967లో బీనాపాణి దేయి కేసులో, పౌరుల హక్కులను దెబ్బతీసే పరిపాలనా ఉత్తర్వులకు కూడా సహజ న్యాయ సూత్రాలు వర్తిస్తాయని తేల్చింది. 1978లో 44వ రాజ్యాంగ సవరణతో ఆస్తి ప్రాథమిక హక్కుగా పోయి, 300-ఎ అధికరణం కింద రాజ్యాంగ హక్కుగా నిలిచింది. నోటీసు, వాదన వినడం, సకారణ నిర్ణయం ఈ అధికరణంలో అంతర్భాగాలని సుప్రీంకోర్టు 2024లో కోల్‌కతా మున్సిపల్ కార్పొరేషన్ కేసులో స్పష్టం చేసింది.

రికార్డుల మార్పు, నోటీసు

ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో భూమి హక్కులు, పట్టాదారు పాసుపుస్తకాల చట్టం 1971లో వచ్చింది. రికార్డులో పేరు మార్చే ముందు అందులో పేరున్నవారికీ ఆ మార్పు వల్ల నష్టపోయేవారికీ రాతపూర్వక నోటీసు ఇవ్వాలని 5వ సెక్షన్ చెప్పింది. తహసీల్దారు ఉత్తర్వుపై ఆర్డీవోకు అప్పీలు, ఆపైన రివిజన్, హక్కు నిర్ధారణకు సివిల్ దావా ఉండేవి. ఆచరణలో చాలాచోట్ల నోటీసు ప్రచురించి సరిపెట్టేవారు. చిన్నం పాండురంగం కేసులో 2007లో హైకోర్టు ఫుల్ బెంచ్ దీన్ని అంగీకరించలేదు. ప్రచురణ వేరు, వ్యక్తిగత నోటీసు వేరని, రెండూ తప్పనిసరని తీర్పునిచ్చింది. ఊళ్లో లేని రైతు, చదువురాని వితంతువు, గల్ఫ్‌కు వెళ్లిన వారసుడు తమ పొలం మరొకరి పేరున ఎక్కడాన్ని తెలుసుకునే మార్గం ఈ నోటీసే. అందుకే ఈ తీర్పు ప్రాధాన్యం ఎక్కువ.

అటవీ భూములు, భూసేకరణ

2006 అటవీ హక్కుల చట్టం క్లెయిముల పరిశీలనను గ్రామసభతో మొదలుపెట్టింది. గ్రామసభ తీర్మానంతో నష్టపోయినవారు సబ్‌డివిజన్ స్థాయి కమిటీకి అర్జీ పెట్టుకోవచ్చు. అర్జీదారుకు తగిన అవకాశం ఇవ్వకుండా ఆ అర్జీని వ్యతిరేకంగా తేల్చకూడదు. 2013 భూసేకరణ చట్టం సామాజిక ప్రభావ మదింపు, బహిరంగ విచారణ, అభ్యంతరాల విచారణలను చేర్చింది. తెలంగాణ, ఆంధ్రప్రదేశ్ తర్వాత చేసుకున్న సవరణలు కొన్ని రకాల ప్రాజెక్టులను ఈ మదింపు నుంచి తప్పించగలిగాయి.

ఇటీవలి మార్పులు

తెలంగాణ 2020లో కొత్త చట్టంతో రెవెన్యూ కోర్టులను రద్దుచేసి, పెండింగు కేసులను ప్రత్యేక ట్రైబ్యునళ్లకు బదిలీ చేసింది. భూరికార్డుల ధరణి పోర్టల్‌లో పడిన తప్పుపై అధికారుల వద్ద అప్పీలుకు దారి మూసుకుపోయింది. వాదనలు వినకుండానే ట్రైబ్యునళ్లు కేసులు ముగించాయన్న ఫిర్యాదులపై, కక్షిదారులకు అవకాశం ఇవ్వాలని హైకోర్టు 2021లో ఆదేశించింది. 2025 ఏప్రిల్ 14న అమల్లోకి వచ్చిన భూభారతి చట్టం అప్పీళ్లనూ భూమి ట్రైబ్యునళ్లనూ తిరిగి ప్రవేశపెట్టింది.

ఆంధ్రప్రదేశ్‌లో 2023లో అమల్లోకి వచ్చిన భూమి హక్కుల చట్టం యాజమాన్య వివాదాలను సివిల్ కోర్టుల నుంచి తప్పించి టైటిలింగ్ అధికారులకు, ట్రైబ్యునళ్లకు అప్పగించింది. న్యాయవాదులు, రైతులు వ్యతిరేకించడంతో 2024లో శాసనసభ దాన్ని రద్దుచేసింది.

ఆచరణలో అవరోధాలు

చట్టంలో హక్కు ఉన్నంత మాత్రాన పేద రైతు దాన్ని వాడుకోలేడు. పాత పహాణీలు, అడంగళ్ల నకళ్లు దొరకకపోవడం, రాతకోతలు లేని కౌలు, సాదా బైనామా (రిజిస్ట్రేషన్ లేని తెల్లకాగితపు) కొనుగోళ్లు, వాయిదాకు వెళ్లిన ప్రతిసారీ పోయే కూలి ప్రధాన ఆటంకాలు. 1987 న్యాయ సేవల అధికార సంస్థల చట్టం కింద మహిళలు, షెడ్యూల్డ్ కులాలు, తెగలవారు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయ సహాయం పొందవచ్చు. ఉమ్మడి రాష్ట్రంలో ఇందిరా క్రాంతి పథం అనే పేదరిక నిర్మూలన పథకం కింద గ్రామీణ యువతను పారాలీగల్స్‌గా తీర్చిదిద్ది, పేదల భూసమస్యలను గుర్తించి రెవెన్యూ అధికారుల ముందుంచే పని అప్పగించారు. నోటీసు నిజంగా చేరడం, అర్థమయ్యే తెలుగులో ఉండడం, వినే అధికారి నిష్పక్షపాతంగా ఉండడం, ఉత్తర్వులో కారణాలు రాయడం అన్న నాలుగూ ఒకచోట కుదిరినప్పుడే ఈ హక్కు రైతుకు అక్కరకొస్తుంది.