పార్క్ స్ట్రీట్ నుంచి ‘నాగమతి’ దాకా: గౌతమ్ చటోపాధ్యాయ కళాయాత్ర

1960ల చివరి కలకత్తాలో పాశ్చాత్య సంగీతానికి నెలవు పార్క్ స్ట్రీట్. ట్రింకాస్, మొకాంబో, బ్లూ ఫాక్స్ వంటి రెస్టారెంట్లలో రాత్రి భోజనంతో పాటు బ్యాండు కచేరీ సాగడం అక్కడి ఆనవాయితీ కాగా, వాద్యకారుల్లో ఆంగ్లో ఇండియన్లు ఎక్కువగా ఉండేవారు, పాటలు ప్రధానంగా ఇంగ్లీషువి. 1969లో ఉషా ఉతుప్ గాయనిగా ట్రింకాస్ వేదిక ఎక్కింది ఈ వాతావరణంలోనే. ప్రెసిడెన్సీ కళాశాలలో చదివిన గౌతమ్ చటోపాధ్యాయ (1949–1999) ఆంగ్లో ఇండియన్ మిత్రులతో కలిసి ‘ది అర్జ్’ అనే బ్యాండులో వాయించి, రాక్ సంగీతంలో తొలి పాఠాలు ఈ వీధిలోనే నేర్చుకున్నారు.

1967లో ఉత్తర బెంగాల్‌లో రగిలి, మన శ్రీకాకుళం కొండల్లోనూ ప్రతిధ్వనించిన నక్సల్బరీ ఉద్యమం ఆయనను పార్క్ స్ట్రీట్ నుంచి దూరంగా తీసుకుపోయింది. ఆ రాజకీయాల కారణంగా ఆయన జైలుకు కూడా వెళ్లారు. గ్రామీణ బెంగాల్‌పై పెరిగిన మమకారం ఆయనను బావుల్ సంగీతం వైపు నడిపించింది. బావుల్ అంటే కుల మత భేదాలను తోసిపుచ్చి, దేహంలోనే దైవాన్ని వెతుకుతూ, ఏక్‌తారా అనే ఒంటితీగ వాద్యంతో ఊరూరా తిరిగే గాయక సంప్రదాయం. మన తత్త్వాలు పాడే బైరాగులకు వారు దగ్గరి బంధువులు.

1975 ప్రాంతంలో తమ్ముళ్లు, బంధువులు, మిత్రులతో కలిసి ఏడుగురి బృందంగా ఆయన నెలకొల్పిన ‘మొహీనేర్ ఘోరాగులి’ (మొహీనుడి గుర్రాలు అని అర్థం, జీవనానంద దాస్ కవితలోని మాట) బావుల్ బాణీని, రాక్ గిటారును, జాజ్ లయను ఒకే పాటలోకి తెచ్చింది. 1977, 1978, 1979లలో వెలువడిన మూడు రికార్డుల్లోనూ పాటలు కొద్దిపాటివే. అయినా నగర జీవితంలోని ఒంటరితనాన్ని, అశాంతిని రోజువారీ మాటల్లో చెప్పిన ఆ పాటలు, రవీంద్ర సంగీతానికీ సినిమా పాటలకూ అలవాటుపడిన నాటి శ్రోతలకు కొరుకుడు పడలేదు. తమ కాలం కంటే ముందు పుట్టిన ఈ బృందం 1981లో చెదిరిపోయింది.

గౌతమ్ ఆ తరువాత సినిమా వైపు మళ్లడాన్ని సంగీతంలో ఎదురైన వైఫల్యం నుంచి తప్పుకోవడంగా చూడటం సరికాదు. బావుల్ గాయకుల వెంట సాగిన అన్వేషణనే ఆయన కెమెరాతో కొనసాగించారు; నాలుగు నిమిషాల పాటలో పట్టని జీవితాలకు తెర మీద చోటు దొరికింది. పాములు పట్టుకుని, ఆడించి బతికే సంచార జాతి అయిన బేదేల జీవితాన్ని చిత్రించిన ఆయన ‘నాగమతి’ (1983) ఉత్తమ బెంగాలీ చిత్రంగా జాతీయ పురస్కారం అందుకుంది. పార్క్ స్ట్రీట్ వేదికపై ఇంగ్లీషు పాటలకు గిటారు వాయించిన యువకుడు దేశంలో అట్టడుగున ఉన్నవారి గురించి సినిమా తీసే స్థాయికి చేరడం భారతీయ రాక్ చరిత్రలో అరుదైన ప్రస్థానం.

1992లో సుమన్ చటోపాధ్యాయ ‘తొమాకే చాయ్’ ఆల్బమ్ బెంగాలీ శ్రోతల అభిరుచిని మార్చాక, మరుగునపడిన పాత రికార్డుల కోసం యువతరం వెతకసాగింది. అప్పుడు గౌతమ్ తన పాత పాటలనే తిరిగి అమ్ముకోకుండా, 1995లో వచ్చిన ‘ఆబార్ బొఛొర్ కురి పొరే’ మొదలుకొని వరుస సంకలనాలకు సంపాదకత్వం వహించి, కొత్త గాయకులను, కొత్త బ్యాండులను లోకానికి పరిచయం చేశారు. ఆయన ఔదార్యానికి ఇంతకంటే నిదర్శనం అక్కర్లేదు. 1999 జూన్‌లో ఆయన మరణించారు. ఆ తొలి సంకలనంలోని ‘పృథిబీటా నాకి’ బాణీయే 2006లో ‘గ్యాంగ్‌స్టర్’ అనే హిందీ చిత్రంలో ‘భీగీ భీగీ’ పాటగా దేశమంతటా మోగింది. ఆ హిందీ పాటను ఇష్టపడిన తెలుగు శ్రోతలు దాని బెంగాలీ మూలాన్ని కూడా ఒకసారి వినాలి.