గీతతో మొదలైన సినిమా



సరిహద్దు జిల్లాల్లో ఉన్న మనకు మద్రాసు పరాయి ఊరు కాదు. వైద్యానికీ, పెళ్లి బట్టలకూ మన పెద్దలు రైలెక్కి వెళ్లివచ్చిన ఊరు. 1996లో చెన్నై అని పేరు మారినా, ఇళ్లలో ఇంకా మద్రాసనే అనేవాళ్లున్నారు. ఆ ఊళ్లో ఉంటూ తన మనసులోని బొమ్మను తెరమీద చూపించిన ఒక చిత్రకారుడి గురించి ఈరోజు చెప్పుకుందాం.

ముందుగా ఒక చిన్న లెక్క. సినిమాలో సెకనుకు 24 బొమ్మలు కదులుతాయి. అంటే నిమిషానికి 1,440. గీసిన బొమ్మలనే కదిలించే కార్టూను సినిమాలో ఒక్కో బొమ్మను రెండుసార్లు వాడుకున్నా, నిమిషానికి 720 గీయాలి. ఒక్క మనిషి ఒంటిచేత్తో చేయాలంటే ఎన్నాళ్లు పడుతుందో మీరే ఊహించండి.

మద్రాసు విశ్వవిద్యాలయంలో చదువుకున్న ఇద్దరికి ఈ బొమ్మల పిచ్చి ఉండేది. ఒకరు రామ్‌మోహన్. చదివింది రసాయన శాస్త్రం. 1956లో బొంబాయి వెళ్లి ఫిల్మ్స్ డివిజన్ కార్టూను విభాగంలో చేరారు. మన దేశంలో కార్టూను చిత్రాలకు ఆద్యుల్లో ఒకరయ్యారు. జపాన్ దేశస్థుడు యుగో సాకోతో కలిసి రామాయణాన్ని కార్టూను చిత్రంగా తీశారు.

రెండోవారు 1933లో నరసాపురంలో పుట్టిన సత్తిరాజు లక్ష్మీనారాయణ. మనందరి బాపు. 1955లో న్యాయశాస్త్రంలో పట్టా పుచ్చుకున్నా, ఆయన చేయి కుంచెనే పట్టింది. పత్రికల్లో కార్టూన్లు వేశారు, కథలకు బొమ్మలు వేశారు. చిన్ననాటి స్నేహితుడు ముళ్లపూడి వెంకటరమణ రాసిన 'బుడుగు'కు రూపం ఇచ్చిందీ ఆయనే.

1967లో ఆ ఇద్దరు మిత్రులూ 'సాక్షి' తీశారు. స్టూడియోలో సెట్లు వేసి సినిమాలు తీసే కాలమది. వీళ్లు గోదావరి ఒడ్డున పులిదిండి అనే పల్లెకు వెళ్లి, అక్కడి ఇళ్ల మధ్యా రేవుల్లోనూ చిత్రీకరించారు.

మీకొక సందేహం రావచ్చు. సినిమా అంటే వందమంది పని కదా, అది ఒక్కరి సొంతమెట్లా అవుతుంది? దానికి జవాబు బాపు గారి కాగితాల్లో ఉంది. షూటింగుకు ముందే ఆయన సినిమాను గళ్లు గళ్లుగా గీసుకునేవారు. నటుడు ఎక్కడ నిలబడాలి, ఎటు చూడాలి, కెమెరా దగ్గరగా ఉండాలా దూరంగా ఉండాలా, అన్నీ ఆ గడిలోనే తేలేవి. దీన్నే స్టోరీబోర్డు అంటారు. బాపు గారు కార్టూను సినిమాల దర్శకుడు కారు. అయినా ఆయన సినిమా కూడా గీతతోనే మొదలయ్యేది.

చేతి గీత ఒక్కటే కాదు, మనసును వదలని కథ కూడా ఆయనకు ఒకటుంది. అది సీత కథ. 1971లో 'సంపూర్ణ రామాయణం' తీశారు. 1976లో 'సీతా కల్యాణం' తీశారు. అది లండన్, షికాగో చిత్రోత్సవాల దాకా వెళ్లింది. ఈ రెంటి నడుమ 1975లో వచ్చిన 'ముత్యాల ముగ్గు'లో రాముడూ లేడు, అయోధ్యా లేదు. మన కాలపు ఇల్లే. కానీ అనుమానించి భార్యను దూరం చేసుకున్న భర్త, కవల పిల్లలు, ఇదంతా ఉత్తర రామాయణం కాక మరేమిటి? ఆ సినిమాకు ఉత్తమ తెలుగు చిత్రంగా జాతీయ బహుమతి వచ్చింది. ఛాయాగ్రాహకుడు ఇషాన్ ఆర్యకు కూడా జాతీయ బహుమతి దక్కింది. చివరికి 2011లో 'శ్రీరామరాజ్యం'తో ఆయన మళ్లీ అదే కథకు వచ్చారు. అది విడుదలయ్యేనాటికి రమణ గారు లేరు. ఏ తప్పూ చేయని ఆడదానికి ఈ శిక్ష ఎందుకన్న ప్రశ్న ఆయన్ను ముప్పై ఆరేళ్లు వెంటాడిందనిపిస్తుంది.

తెలుగు సినిమా హైదరాబాదు తరలిపోయినా బాపు గారు మద్రాసులోనే ఉండిపోయారు. 2013లో ఆయనకు వచ్చిన పద్మశ్రీ కూడా తమిళనాడు జాబితాలోనే వచ్చింది. 2014 ఆగస్టు 31న ఆ ఊళ్లోనే కన్నుమూశారు. గీతకు సరిహద్దు లేదనడానికి ఇంతకన్నా సాక్ష్యం ఏం కావాలి?

ఈసారి టీవీలో 'ముత్యాల ముగ్గు' వస్తే, కథ తెలిసిందే కదా అని లేచిపోకండి. ఒక్కో దృశ్యాన్ని కాగితం మీది బొమ్మ అనుకుని చూడండి. పక్కన పిల్లలుంటే వాళ్లకో పెన్సిలివ్వండి. చూసిన కథను నాలుగు గళ్లలో గీయమనండి. ఎవరి గీత వారిదే అవుతుంది.