ఉద్యానం మింగిన ఊరు

1825 సెప్టెంబరు 27న ఆండ్రూ విలియమ్స్ అనే 25 ఏళ్ళ నల్లజాతి యువకుడు న్యూయార్క్ నగరానికి ఉత్తరాన మూడు స్థలాలు కొన్నాడు. వెల 125 డాలర్లు. అతను బూట్లకు పాలిష్ పట్టి బతికేవాడు. అదే రోజు ఎపిఫనీ డేవిస్ అనే ఇంకో నల్లజాతీయుడు 578 డాలర్లు పెట్టి పన్నెండు స్థలాలు రాయించుకున్నాడు. నల్లజాతీయుల జయాన్ చర్చి మరో ఆరు స్థలాలు తీసుకుంది. అమ్మినవాళ్ళు వైట్‌హెడ్ దంపతులు. నల్లవాళ్ళకు భూమి అమ్మడానికి చాలామంది ఇష్టపడని కాలంలో వాళ్ళు తమ పొలాన్ని ముక్కలు చేసి అమ్మారు. న్యూయార్క్ రాష్ట్రంలో బానిసత్వం పూర్తిగా రద్దు కావడానికి ఇంకా రెండేళ్ళు ఉంది.

అలా పుట్టిన ఊరి పేరు సెనెకా విలేజ్. ఈనాటి సెంట్రల్ పార్కు పడమటి అంచున, 82వ వీధికీ 89వ వీధికీ మధ్య ఉండేది. కిక్కిరిసిన దక్షిణపు పేటల్లో అద్దె కొంపల రోగాలూ రొచ్చూ భరించలేక, వీధిలో అవమానాలు పడలేక జనం ఒక్కొక్కరే ఇక్కడికి చేరారు. దగ్గర్లో ఊట నీళ్ళు, పడమటికి కాస్త నడిస్తే హడ్సన్ నది, పెరడు పెట్టుకోవడానికి చోటు. ఇంతకన్నా పెద్ద కారణం ఇంకోటి ఉంది. 1821 నాటి రాష్ట్ర రాజ్యాంగం ప్రకారం నల్లజాతి పురుషుడికి ఓటు ఉండాలంటే 250 డాలర్ల విలువైన ఆస్తి ఉండాలి. తెల్లవాళ్ళకు ఆ షరతు లేదు. కనుక ఆ ఊళ్ళో సొంత స్థలమంటే తలదాచుకునే చోటు మాత్రమే కాదు, మనిషిగా లెక్కలోకి వచ్చే దారి. 1845 ప్రాంతంలో నగరం మొత్తం మీద ఓటు హక్కున్న నల్లజాతీయులు వందమంది ఉంటే, వాళ్ళలో పదిమంది ఈ చిన్న ఊరివాళ్ళే.

బంగాళాదుంప పంట తెగులుతో ఐర్లండ్ ఆకలికి మాడినప్పుడు అక్కడి నుంచి వచ్చినవాళ్ళు కూడా ఇక్కడే ఇళ్ళు కట్టుకున్నారు. 1855 జనాభా లెక్కల నాటికి ఊళ్ళో 225 మంది దాకా ఉన్నారు. మూడింట రెండు వంతులు నల్లవాళ్ళు, మిగతావాళ్ళలో ఎక్కువమంది ఐరిష్‌వాళ్ళు. నల్లజాతి కుటుంబాల్లో సుమారు సగానికి సొంత ఇళ్ళుండేవి. మూడు చర్చిలు, ఒక చర్చి నేలమాళిగలో నల్లజాతి పిల్లల బడి. ఆల్ ఏంజెల్స్ చర్చిలో రెండు జాతులవాళ్ళూ కలిసి ప్రార్థన చేసేవారు. చనిపోతే ఒకే శ్మశానంలో పక్కపక్కన పడుకునేవారు. అమెరికాలో ఆ రోజుల్లో ఇది ఎంత అరుదో తలచుకుంటే, ఆ ఊరు పోయినందుకు ఇప్పటికీ మనసు కలుక్కుమంటుంది.

1853 ఆగస్టు 4న జయాన్ చర్చి కొత్త భవనానికి శంకుస్థాపన చేసింది. పునాదిరాయి కింద ఒక పెట్టె పెట్టారు. అందులో బైబిలు, కీర్తనల పుస్తకం, చర్చి నియమాలు, ధర్మకర్తల పేర్లు రాసిన కాగితం, ఆనాటి వార్తాపత్రికలు రెండు. రాబోయే తరాలు ఎప్పుడో తీసి చదువుకుంటాయన్న నమ్మకంతో పెట్టిన పెట్టె అది. కానీ ఆ ఊరి నేలను పార్కు కోసం తీసుకునే చట్టం రాష్ట్ర శాసనసభలో పాసై అప్పటికే రెండు వారాలైంది.

నగర ధనికులకు లండన్, పారిస్‌లలో ఉన్నలాంటి ఉద్యానం కావాలి. తూర్పు నది ఒడ్డున జోన్స్ వుడ్ అనే చోటు కూడా ముందు అనుకున్నారు. దాని సొంతదారులు కలిగినవాళ్ళు. కోర్టుకెక్కారు, నిలబెట్టుకున్నారు. చివరకు పార్కుకు ఎంచుకున్న, సెనెకా విలేజ్ కూడా ఉన్న 750 ఎకరాల పైచిలుకు నేలలో బతుకుతున్న సుమారు 1,600 మందికి ఆ బలం లేదు. పత్రికలు వాళ్ళను ఆక్రమణదారులన్నాయి, ఇళ్ళను పాకలన్నాయి, నల్లవాళ్ళను నోటికొచ్చిన బూతుమాట అన్నాయి. నన్ను అన్నిటికంటే బాధపెట్టేది ఇదే. దస్తావేజు చేతిలో పట్టుకుని, పన్ను కట్టి బతికినవాళ్ళను దేశదిమ్మరులని లోకానికి చాటి, ఆ తర్వాత నేల లాక్కున్నారు. విలియమ్స్ తన ఇంటికీ మూడు స్థలాలకూ 3,500 డాలర్లు అడిగాడు. 2,335 ఇచ్చారు. అతను కొన్న ధరతో పోలిస్తే అది ఎక్కువే. డేవిస్‌కు మాత్రం పెట్టిన దానిలో వంద డాలర్లకు పైగా పోయింది. 1857 నాటికి అందర్నీ ఖాళీ చేయించారు.

ఇళ్ళు పడగొట్టారు, మట్టి పోశారు, చెట్లు నాటారు. 1871లో 85వ వీధి ప్రవేశం దగ్గర కూలీలు చెట్లు పెకలిస్తుంటే శవపేటికలు బయటపడ్డాయి. ఒక దానిలో ఉన్నది పదహారేళ్ళ పిల్ల. అయినా ఊరు ఎవరికీ గుర్తుకు రాలేదు. 1992లో రాయ్ రోజెన్‌జ్వైగ్, ఎలిజబెత్ బ్లాక్‌మార్ అనే చరిత్రకారులు పార్కు చరిత్ర రాస్తూ పాత రికార్డుల నుంచి సెనెకా విలేజ్‌ను తిరిగి వెలుగులోకి తెచ్చారు. ఆ పైన సింథియా కోప్‌లండ్, నాన్ రాత్‌షైల్డ్, డయానా వాల్ ఏళ్ళ తరబడి ఓపిక పట్టి, 1850ల పటాలు దగ్గర పెట్టుకుని, రాడార్‌తో నేల లోపలికి చూసి, చివరకు 2011 వేసవిలో తవ్వకం మొదలుపెట్టారు.

తవ్విన చోట విలియం గాడ్‌ఫ్రే విల్సన్ ఇంటి రాతి పునాది దొరికింది. విల్సన్ ఆల్ ఏంజెల్స్ చర్చి సేవకుడు. భార్య షార్లెట్, ఎనిమిది మంది పిల్లలు. మూడంతస్తుల చెక్క ఇల్లు. పత్రికలు పాకలన్న ఊళ్ళోనే ఈ ఇల్లు ఉండేది! మట్టిలోంచి ఇనుప టీ కెటిల్ వచ్చింది. మాంసం వేయించే పళ్ళెం, బీరు పోసుకునే రాతిపింగాణీ సీసా వచ్చాయి. చైనా నుంచి ఓడల మీద వచ్చిన పింగాణీ పాత్రల పెంకులు వచ్చాయి. ఎవరో ముచ్చటపడి కొనుక్కుని, అతిథులు వచ్చినప్పుడు బయటకు తీసి ఉంటారు. తోలు అడుగు, పైన గుడ్డ ఉన్న ఒక చిన్న జోడు కూడా వచ్చింది. ఆ ఎనిమిది మందిలో ఎవరి పాదానిదో! అన్నీ కలిపి 250 సంచులకు పైగా నిండాయి. టీ కాచుకుని, పింగాణీలో వడ్డించుకుని, పిల్లల కాళ్ళకు జోళ్ళు తొడిగిన సంసారం అది. ఆక్రమణదారులన్న నిందకు ఇంతకన్నా సూటి జవాబు ఏ దస్తావేజూ ఇవ్వలేదు.

ఊరివాళ్ళు తలోదిక్కుకు చెదిరిపోయారు. మళ్ళీ ఒకచోట చేరి ఊరు కట్టుకోలేదు. ఆల్ ఏంజెల్స్ చర్చిని కొద్ది వీధుల అవతలికి మార్చారు గానీ, కొత్త చోట ప్రార్థనకు వచ్చినవాళ్ళలో పాత ఊరి మనిషి ఒక్కరే. నేల పోయినవాళ్ళకు, మరోచోట అంత ఆస్తి కూడబెట్టుకోలేకపోతే, ఓటూ పోయింది. ఆ 250 డాలర్ల షరతు ఎత్తేయాలా వద్దా అని 1860లో న్యూయార్క్ ఓటర్లను అడిగితే, వద్దనే తీర్పు చెప్పారు. 1870లో దేశ రాజ్యాంగానికి 15వ సవరణ వచ్చేదాకా అది అలాగే ఉంది.