బాపు బొమ్మ పక్కన లావుపాటి పిన్నిగారు

'బాపు బొమ్మలా ఉంది' అన్నది గోదావరి జిల్లాల పెళ్ళిచూపుల్లో ఇప్పటికీ పెద్ద కితాబే. కలువరేకుల కళ్ళు, బారుజడ, నిండైన వొళ్ళు, అయినా పిడికెడు నడుము. నరసాపురంలో 1933లో పుట్టిన సత్తిరాజు లక్ష్మీనారాయణ, మన బాపు, 2014లో కన్నుమూసేదాకా ఎన్నో రకాల స్త్రీలని గీశారు. వాళ్ళలో ఈ ఒక్కరే మన నుడికారంలో నిలిచారు.

అదే కుంచెలోంచి వచ్చిన ఇంకొకావిడ గురించి మనం మాట్లాడుకోం. 'బుడుగు'లో లావుపాటి పిన్నిగారు. ధవళేశ్వరం ముళ్ళపూడి వెంకటరమణ 1950లలో రాయగా బాపు బొమ్మలేసిన ఆ కథల్లో, బుడుగు నోట పక్కింటాయనకి పేరు లేదు. ఆయన పిన్నిగారి మొగుడు, అంతే. ఆడవాళ్ళు ఫలానావారి భార్యలుగానే తెలిసే సమాజాన్ని ఈ పిలుపు తలకిందులు చేస్తుంది. అందుకే నవ్వొస్తుంది. అయితే పిన్నిగారికీ పేరు లేదు. ఆవిడ వొళ్ళే ఆవిడ పేరు.

తెలుగు కార్టూన్లలో భారీ భార్య, బక్క మొగుడు, మధ్యన అప్పడాల కర్ర పాత సరుకే. అధికారం స్త్రీ చేతికొచ్చిందంటే శరీరం కొలత తప్పాలి, చూసేవాళ్ళు నవ్వాలి. నవ్వు లేకుండా శక్తినిస్తే కొలత తప్పకూడదు. బాపు 1993లో తీసిన 'మిస్టర్ పెళ్ళాం'లో సంసారాన్ని నిలబెట్టే భార్య బాపు బొమ్మే.

జపాన్ చిత్రకారుడు నామియో హరుకావా (1947–2020) జీవితాంతం ఈ జంటనే గీశాడు: కొండంత స్త్రీ, ఆమె బరువు కింద నలిగే చిన్న మగవాడు. అక్కడ నవ్వులాట లేదు, కోరిక ఉంది. ఆ స్త్రీలు దేనికీ సిగ్గుపడరు. అది చిన్న విషయం కాదు. కానీ ఆ బరువు మోయాలన్న కల మగవాడిది. మన కార్టూన్లో భయం, అక్కడ ఆరాధన. రెండు చోట్లా చూసే కన్ను ఒకటే.

'నీలిమేఘాలు' (1993) కవయిత్రులు శరీరం గురించి తామే మాట్లాడారు. లావు గురించి మాత్రం మనం ఇంకా గొంతు తగ్గించే మాట్లాడతాం. పిన్నిగారు అందరికీ వడ్డించాక ఏం తినేదో, ఎన్ని కాన్పులు మోసిందో, ఆవిడకి అంత గొంతు ఎందుకు అవసరమైందో ఏ బొమ్మా చెప్పదు. అది ఆవిడ వైపునుంచి రాయాల్సింది మనమే.