సంఘం షాట్

మన విశాఖ రేవు మీదా, 1971లో శంకుస్థాపన జరిగిన ఉక్కు కర్మాగారం మీదా తీసిన చిత్రాలు చూసినప్పుడల్లా నాకో వెలితి. క్రేను ఎంత ఎత్తో తెలుస్తుంది గాని, దాని కింద తట్ట మోసిన ఆడమనిషి మొహం కనబడదేం?

దూరదర్శన్ నిర్మాత పి.వి. సతీష్‌గారి సంగతి తెలిశాక జవాబు దొరికింది. ఆయనది మైసూరు. 1975-76లో ఉపగ్రహం ద్వారా 2,400 పల్లెలకు టెలివిజన్ చూపించిన ‘సైట్’ ప్రయోగంలో పనిచేశారు. 1983లో మిత్రులతో కలిసి జహీరాబాదు ప్రాంతంలో డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ పెట్టారు.

తరవాత చేసిన పనే గొప్పది. అక్కడి దళిత స్త్రీల చేతికి కెమెరా ఇచ్చారు. కూలికి పోయేవాళ్ళు, చాలామందికి అక్షరం రాదు. ఇంగ్లీషు పేర్లతో వాళ్ళకేం పని? తామే పెట్టుకున్నారు. పైనించి కిందికి చూస్తే ‘పటేల్ షాట్’. కిందనించి పైకి చూస్తే బానిస షాట్. కళ్ళకు కళ్ళు సమానంగా ఉంటే ‘సంఘం షాట్’. సంఘంలో అందరూ ఒకే నేలమీద కూర్చుంటారు గదా! ఏ పెద్ద చదువు ఇంత తేటగా చెప్పిందండీ?

వరంగల్ బీటీ పత్తి రైతుల నష్టాన్ని మూడేళ్ళు వెంట తిరిగి చిత్రించింది వీళ్ళే. 2008లో సంఘం రేడియో కూడా మొదలుపెట్టారు.

సతీష్‌గారు 2023 మార్చిలో పోయారు. మన రేవునీ ఎవరైనా ఆ మూడో ఎత్తునించి తీస్తే చూడాలని నాకు మహా కోరిక.