పనిలో ప్రాణం పోతే... యజమాని బాధ్యత ఎంత?

2024 ఆగస్టులో అచ్యుతాపురం సెజ్‌లో, 2025 జూన్ 30న పాశమైలారంలో పేలుళ్లు జరిగినప్పుడు కోటి రూపాయల పరిహారం ప్రకటనలు వెలువడ్డాయి. సెంట్రింగ్ పైనుంచి పడి చనిపోయిన కూలీకో, లారీలోనే కన్నుమూసిన డ్రైవర్‌కో అలాంటి ప్రకటన రాదు. ఎక్స్‌గ్రేషియా ప్రభుత్వం ఇస్తే వస్తుంది, లేకుంటే లేదు. చట్టం కింద వచ్చే నష్టపరిహారం అలా కాదు, అది హక్కు. ఈ తేడా తెలియకే చాలా కుటుంబాలు నష్టపోతున్నాయి.

ఈ హక్కుకు మూలం 1923 నాటి వర్క్‌మెన్స్ కాంపెన్సేషన్ చట్టం. 1924 జులై 1న అమల్లోకి వచ్చిన ఈ చట్టానికి 2010లో ఎంప్లాయీస్ కాంపెన్సేషన్ చట్టమని పేరు మారింది. 2025 నవంబర్ 21 నుంచి దీని స్థానంలో సామాజిక భద్రతా కోడ్ అమల్లో ఉంది. పేరు మారినా ప్రాథమిక సూత్రం అదే. యజమాని తప్పు చేశాడని కుటుంబం రుజువు చేయనక్కర్లేదు. పని కారణంగా, పనిలో ఉండగా జరిగిన ప్రమాదం వల్ల మరణం సంభవించిందని చూపితే చాలు. మద్యం మత్తు, భద్రతా నిబంధనల ఉల్లంఘన వంటి వాదనలు చిన్న గాయాల కేసుల్లో యజమానికి పనికొస్తాయి కానీ, మరణం విషయంలో పనికిరావు.

వివాదమంతా ఆ ‘పని కారణంగా’ అన్న మాట చుట్టూనే. గుండెపోటు కేసులే చూడండి. ఉద్యోగంలో ఉండగా చనిపోయినంత మాత్రాన సరిపోదని, పని శ్రమకూ మరణానికీ సంబంధం ఉందని చూపాలని 2006లో సుప్రీంకోర్టు చెప్పింది. 2012లో మరో కేసులో తీర్పు వచ్చింది. ఢిల్లీ నుంచి వెయ్యి కిలోమీటర్లకు పైగా లారీ నడిపిన డ్రైవర్ జార్ఖండ్‌లో ఒంట్లో బాగోలేక బండి పక్కకు ఆపాడు, కాసేపటికే చనిపోయాడు. అది సహజ మరణమని బీమా కంపెనీ వాదించింది. అంత దూరం బండి నడిపిన ఒత్తిడే కారణమని కోర్టు పరిహారం ఇప్పించింది. రెండు తీర్పులకూ పొంతన లేదనిపించవచ్చు. తేడా సాక్ష్యంలో ఉంది.

దారిలో జరిగే ప్రమాదాలపై స్పష్టత ఇటీవలే వచ్చింది. మహారాష్ట్రలో ఒక చక్కెర ఫ్యాక్టరీ వాచ్‌మన్ తెల్లవారుజామున 3 గంటల డ్యూటీకి వెళ్తూ, ఫ్యాక్టరీకి 5 కిలోమీటర్ల దూరంలో ప్రమాదంలో మరణించాడు. అది 2003లో. కింద గెలిచిన కుటుంబం హైకోర్టులో ఓడిపోయింది. చివరకు 2025 జులైలో సుప్రీంకోర్టు వారి పక్షాన తీర్పునిచ్చింది. సమయం, స్థలం, పరిస్థితులను బట్టి పనితో సంబంధం కనిపిస్తే ఇంటికీ పనికీ మధ్య ప్రయాణమూ ఉద్యోగంలో భాగమేనంది. కొత్త కోడ్‌లోనూ ఈ నిబంధన ఉంది. అయితే ఆ కుటుంబం ఇరవై రెండేళ్లు ఎదురుచూడాల్సి వచ్చింది.

లెక్క ఇలా ఉంటుంది. నెల వేతనంలో సగాన్ని వయసును బట్టి నిర్ణయించిన గుణకంతో హెచ్చిస్తారు. 25 ఏళ్లకు అది 216.91, 30 ఏళ్లకు 207.98, 50 ఏళ్లకు 153.09. 2020 జనవరిలో కేంద్రం జారీ చేసిన నోటిఫికేషన్ ప్రకారం వేతనం ఎంత ఉన్నా రూ.15,000కు మించి లెక్కలోకి తీసుకోరు. అంటే నెలకు 40 వేలు సంపాదించే 30 ఏళ్ల వెల్డర్ చనిపోయినా కుటుంబానికి వచ్చేది రూ.15,59,850 మాత్రమే. ఈ పరిమితి ఇంత తక్కువగా ఉండటం అన్యాయమే. ఇక ఈఎస్ఐ వర్తించే కార్మికుల కుటుంబాలకు ఈ పరిహారం ఉండదు, ఈఎస్ఐ నుంచి ఆశ్రితుల పింఛను వస్తుంది.

ఎక్కువ మంది మోసపోయేది చెల్లింపు దగ్గరే. అంత్యక్రియల రోజునే కాంట్రాక్టరో మేస్త్రీయో వచ్చి లక్షో రెండు లక్షలో చేతిలో పెట్టి, ఇక ఏ క్లెయిమూ లేదని తెల్ల కాగితం మీద సంతకం తీసుకుంటాడు. ఆ కాగితానికి విలువ లేదు. మరణం కేసులో పరిహారాన్ని కార్మిక శాఖలోని సంబంధిత అధికారి వద్ద డిపాజిట్ చేయాలి. దాన్ని భార్య, పిల్లలు, తల్లిదండ్రుల మధ్య పంచేది ఆ అధికారే. హక్కు వదులుకుంటున్నట్టు రాయించుకున్న ఒప్పందాన్ని చట్టం గుర్తించదు. కాంట్రాక్టర్ కింద పనిచేసినా అసలు యజమాని తప్పించుకోలేడు. ముందు తాను చెల్లించి, తర్వాత కాంట్రాక్టర్ దగ్గర రాబట్టుకోవాలి.

బాధ్యత మొదలయ్యేది తీర్పు వచ్చిన రోజు నుంచి కాదు, ప్రమాదం జరిగిన రోజు నుంచేనని సుప్రీంకోర్టు 1975లోనే తేల్చింది. నెలలోగా చెల్లించకపోతే ఏటా 12 శాతం వడ్డీ పడుతుంది. సరైన కారణం లేకుండా ఆలస్యం చేస్తే పరిహారంలో 50 శాతం వరకు పెనాల్టీ వేయవచ్చు. బీమా ఉంటే పరిహారం, వడ్డీ కంపెనీయే కడుతుంది, పెనాల్టీ మాత్రం యజమాని జేబులోంచే రావాలని 1997 తీర్పు చెబుతోంది.

మరణించిన తేదీ నుంచి రెండేళ్లలోగా దరఖాస్తు చేయాలి. గడువు దాటినా తగిన కారణం చూపితే స్వీకరించే వీలుంది. ఎఫ్ఐఆర్, పోస్టుమార్టం రిపోర్టు, వేతనానికి ఆధారం ముఖ్యం. పే స్లిప్ లేని కూలీల విషయంలో బ్యాంకు ఖాతాలో పడిన జమలు, హాజరు పుస్తకం ఫొటో, తోటి పనివారి సాక్ష్యం ఉపయోగపడతాయి. తోటివారు వేరే సైటుకో సొంతూరికో వెళ్లిపోకముందే వాళ్ల ఫోన్ నంబర్లు తీసుకోవాలి.